వినోబా పుస్తకాల్లో ముందు ఏది చదవాలి?

పోచంపల్లి చూసొచ్చాక, గాంధీ శిష్యుడు, భూదానోద్యమ నాయకుడు వినోబా భావేని చదవాలనిపిస్తోంది, భక్తి పుస్తకంతో మొదలుపెట్టాలా, భూమి పుస్తకంతోనా అని అడిగారు. ముందు 'గీతా ప్రవచనాలు' చదవండి. 1932లో ధూళే జైల్లో తోటి ఖైదీలకు ఆయన మరాఠీలో చెప్పిన మాటలివి, మరాఠీ రచయిత సానే గురూజీ రాసిపెట్టారు. తెలుగులోనూ వచ్చాయి. ఫలం మీద ఆశ వదిలి పని చేయడం ఎలాగో పండితుల భాషలో కాకుండా మామూలు మాటల్లో చెప్తారు. నాకైతే ఆయన రచనల్లో ఇదే గొప్పది.

తర్వాత, భూమిని పేదలకు దానమివ్వమని ఆయన చేసిన ప్రసంగాల పుస్తకం 'భూదాన యజ్ఞం'. 1951 ఏప్రిల్ 18న, అప్పటి నల్లగొండ జిల్లాలోని పోచంపల్లిలో, దళిత కుటుంబాలు 80 ఎకరాలు కావాలన్నాయి. ఆ ఊరి భూస్వామి వెదిరె రామచంద్రారెడ్డి 100 ఎకరాలు ఇస్తానన్నారు. గాలి, నీళ్లలాగే భూమి కూడా అందరిదన్న వినోబా వాదన అక్కడి నుంచే ఊపందుకుంది. ఐదుగురు కొడుకులుంటే నన్ను ఆరోవాడిగా లెక్కేసి ఆరో వంతు ఇవ్వండని ఊరూరా అడిగారు.

ప్రసంగాలు కాబట్టి చెప్పిందే మళ్లీ వస్తుంది, ఓపిక పట్టండి. దానమిచ్చిన భూమిలో చాలా వరకు సాగుకు పనికిరాలేదు, పేదల చేతికీ అందలేదు. అందుకే తెలంగాణ సాయుధ పోరాట చరిత్ర కూడా తప్పకుండా చదవండి. వినోబా వచ్చేనాటికే ఇక్కడి రైతులు భూమి కోసం ప్రాణాలిస్తున్నారు. ఆ పోరాటాన్ని విరమించింది 1951 అక్టోబరులో.