ఈసీఈ చదివిన అమ్మాయి పాలసీ వైపు వెళ్తే చదువు వృథా అవుతుందా?

ప్రశ్న: మా అమ్మాయి వరంగల్‌లో బీటెక్ ఈసీఈ (ఎలక్ట్రానిక్స్, కమ్యూనికేషన్ ఇంజినీరింగ్) మూడో సంవత్సరం చదువుతోంది. ప్లేస్‌మెంట్ల కోచింగ్‌కు వెళ్లమంటే ఇంటర్నెట్, ఆధార్, ప్రైవసీ చట్టాల గురించి చదువుతూ కూర్చుంటోంది. పబ్లిక్ పాలసీలో, అంటే ప్రభుత్వ విధానాల అధ్యయనంలో మాస్టర్స్ చేస్తానంటోంది. బంధువుల పిల్లలు ఏఐ కోర్సులు చేసి అమెరికాకు ఎంఎస్‌కు వెళ్తున్నారు. రెండింటినీ పోల్చి ఏది మంచిదో చెప్పండి. ఇంత ఖర్చు పెట్టి చదివించిన ఇంజినీరింగ్ వృథా అవుతుందేమోనని భయంగా ఉంది.
— ఒక తండ్రి, ఖమ్మం జిల్లా

జవాబు: ఇలాంటి ఉత్తరాలు నాకు తరచుగా వస్తుంటాయి. కోర్సుల పేర్లు మారుతుంటాయి గానీ, నలుగురి పిల్లలూ వెళ్తున్న దారిలో మా పిల్ల వెళ్లకపోతే రేపు ఏమవుతుందన్న దిగులు మాత్రం అన్నింటిలోనూ ఒకటే. అందుకే ముందు ఆ దిగులుకు జవాబు చెబుతాను. మీ అమ్మాయి ఇంజినీరింగ్ వృథా కాదు. ఆమె వెళ్లాలనుకుంటున్న రంగంలో చట్టం, అర్థశాస్త్రం చదివినవారు చాలామందే ఉన్నారు. నెట్‌వర్క్ లోపల ఏం జరుగుతుందో తెలిసినవారికే కొరత.

ఒక ఉదాహరణ చూడండి. 2015లో ఫేస్‌బుక్ సంస్థ రిలయన్స్ కమ్యూనికేషన్స్‌తో కలిసి, ఎంపిక చేసిన కొన్ని వెబ్‌సైట్లను డేటా ఖర్చు లేకుండా చూపించే పథకాన్ని మన దేశంలో తెచ్చింది. అదే తర్వాత ఫ్రీ బేసిక్స్ పేరుతో పెద్ద వివాదమైంది. పేదలకు ఉచితంగా ఇస్తే తప్పేమిటని చాలామందికి అనిపించింది. కానీ ఏది ఉచితమో, దేనికి డబ్బు తీసుకోవాలో తేల్చాలంటే వినియోగదారుడి డేటా ఎక్కడికి వెళ్తోందో కంపెనీ గమనించి తీరాలి. అలా గమనించి ధర మార్చే అధికారం కంపెనీ చేతికి వచ్చాక, ఆ జాబితాలో చోటు దక్కని చిన్న సంస్థ పోటీలో నిలవడం చాలా కష్టం. టెలికాం రంగాన్ని నియంత్రించే ట్రాయ్ సంస్థ దీనిపై చర్చాపత్రం విడుదల చేసి అందరి అభిప్రాయాలూ కోరింది. 2016 ఫిబ్రవరి 8న డేటా సేవలకు వివక్షతో కూడిన ధరలను నిషేధిస్తూ నిబంధనలు తెచ్చింది. మీ అమ్మాయి క్లాసులో నేర్చుకుంటున్న ప్యాకెట్లు, రూటింగ్ పాఠాలే, అంటే డేటా ముక్కలుగా ఏ దారిలో వెళ్తుందో చెప్పే పాఠాలే అక్కడ వాదనలకు పునాది.

అంత దూరం ఎందుకు, మన రాష్ట్రంలో భూమి రికార్డుల కోసం వచ్చిన ధరణి పోర్టల్‌నే తీసుకోండి. 2020లో ఆ పోర్టల్ వచ్చిన తొలి రోజుల్లో పాత పాస్‌బుక్కును ప్లాస్టిక్ కవర్లో చుట్టుకుని మీసేవ కేంద్రానికి వెళ్లిన రైతుకు, కంప్యూటర్ ముందున్న కుర్రాడు జాబితా అంతా వెతికి ‘ఈ తప్పు సరిచేయడానికి మాడ్యూల్ లేదు’ అని, అంటే ఆ పనికి పోర్టల్‌లో వీలే లేదని చెప్పేవాడు. సర్వే నంబరు తప్పు పడినా, విస్తీర్ణంలో గుంటలు తగ్గినా, సొంత పట్టా భూమి నిషేధిత జాబితాలోకి ఎక్కినా అదే మాట. అదే ఏడాది వచ్చిన చట్టం రెవెన్యూ కోర్టులను రద్దు చేయడంతో, కింది స్థాయిలో మొరపెట్టుకునే చోటు కూడా పోయింది. సాఫ్ట్‌వేర్‌లో ఒక మాడ్యూల్ ఉండాలా వద్దా అన్నది రైతు హక్కును తేల్చే నిర్ణయం. దాన్ని కోడ్ రాసేవారికి వదిలేయకూడదు, కోడ్ అంటే ఏమిటో తెలియని అధికారికీ వదిలేయకూడదు. 2025లో భూభారతి చట్టం అప్పీలు వ్యవస్థను మళ్లీ తెచ్చే వరకు ఎంతమంది ఎన్నిసార్లు కలెక్టరేట్ల చుట్టూ తిరిగారో ఖమ్మం జిల్లాలో ఉన్న మీకు నేను చెప్పనక్కర్లేదు. మీ అమ్మాయి చదవాలనుకుంటున్నది ఈ విషయాన్నే. ఆమె దారి తప్పిందని మీరెందుకు అనుకుంటున్నారో నాకు అర్థం కావడం లేదు.

అయితే ఆమె కోరుకున్న మాస్టర్స్ విషయంలో మాత్రం నాకు గట్టి సందేహాలే ఉన్నాయి, అవి ఆమెకు కూడా వినిపించండి. పబ్లిక్ పాలసీ ఇప్పుడు ఫ్యాషన్ అయిపోయింది. దానికి ఏఐ ఎథిక్స్, టెక్ పాలసీ అన్న మాటలు తగిలించి లక్షల రూపాయల ఫీజులు వసూలు చేసే కోర్సులు పెరిగాయి. అల్గారిథమ్‌ల జవాబుదారీతనం గురించి ఒక సెమిస్టర్ అంతా చర్చించి, రేషన్ డిపోలో వేలిముద్ర తీసుకునే ఈ-పోస్ యంత్రం మీద కూలి పనులకు వెళ్లే ముసలమ్మ వేలిముద్ర ఎందుకు పడదో, పడనప్పుడు డీలర్ ఏం చేయాలో ఒక్కసారీ చూడకుండా పట్టా తీసుకునేవారిని నేను చూశాను. వారికి రాయడం వస్తుంది, మాట్లాడడం వస్తుంది, అయితే ఏ ఒక్క వ్యవస్థనూ అడుగు వరకు తెలుసుకుని ఉండరు. బీటెక్ అయిన మరుసటి నెలలోనే అప్పు చేసి అలాంటి కోర్సులో చేరితే, రెండేళ్ల తర్వాత చేతిలో పట్టాతో పాటు వాయిదాలు మిగులుతాయి. ఏ సంస్థలోనైనా సీటు తీసుకునే ముందు, అక్కడ చదివినవారు ఇప్పుడు ఏ ఉద్యోగాల్లో ఉన్నారో పేర్లతో సహా అడగమనండి; చెప్పలేని సంస్థను పక్కన పెట్టండి.

ఇక మీతో రెండు మాటలు నిష్ఠూరంగానే చెప్పాలి. మీ ఉత్తరంలో బంధువుల పిల్లలు ఎక్కడికి వెళ్తున్నారో రాశారు, మీ అమ్మాయికి ఆ చదువు ఎందుకు కావాలో మాత్రం ఒక్క మాటా రాయలేదు. ఆమెకు ఏ విషయం నచ్చింది, ఎందుకు నచ్చింది అని ఒక్కసారైనా కూర్చోబెట్టి అడిగారా? ఎంఎస్ పేరుతో అమెరికా వెళ్లిన ప్రతి బిడ్డా అక్కడ స్థిరపడడం లేదన్న సంగతి మీకూ తెలుసు. వీసా కోసం, ఉద్యోగం కోసం ఎదురుచూస్తూ ఇంటికి నిజం చెప్పలేకపోతున్న పిల్లల తల్లిదండ్రులు కూడా నాకు రాస్తుంటారు. ఇష్టం లేని ఏఐ కోర్సులోకి ఆమెను నెడితే మీ భయం తగ్గవచ్చు గానీ, ఆ భారం ఆమె మోయాలి.

మీరు అడిగిన పోలిక విషయానికి వస్తే, ఎంఎస్‌ను, పాలసీ మాస్టర్స్‌ను ఎదురెదురుగా నిలబెట్టాల్సిన అవసరం ఆమెకు ఇప్పుడు లేదు, ఎందుకంటే ఈసీఈ చదివినవారికి నేరుగా తెరిచి ఉన్న దారి ఇంకొకటి ఉంది. యూపీఎస్సీ ఇంజినీరింగ్ సర్వీసెస్ పరీక్ష ద్వారా ఇండియన్ టెలికమ్యూనికేషన్ సర్వీసులోకి వెళ్లవచ్చు. పోస్టులు కొద్ది, అవి అన్ని ఏళ్లూ ఒకేలా ఉండవు. అయినా గ్రూప్-ఎ హోదాతో, 56,100 రూపాయల మూలవేతనంతో టెలికాం శాఖలో చేరి, డిప్యుటేషన్ మీద ట్రాయ్‌లో పనిచేసే అవకాశం ఉన్న ఉద్యోగం అది. పట్టభద్రులై 25 ఏళ్లు దాటనివారికి చట్టసభల పనిని అధ్యయనం చేసే పీఆర్ఎస్ సంస్థ నిర్వహించే ల్యాంప్ ఫెలోషిప్ ఉంది. పార్లమెంటు సభ్యుడి దగ్గర సుమారు ఏడాది పాటు బిల్లుల మీద, సభలో అడిగే ప్రశ్నల మీద పనిచేస్తారు, ఫీజు కట్టకపోగా స్టైపెండ్ ఇస్తారు. ఈ పని తనకు సరిపడుతుందో లేదో ఆ ఏడాదిలోనే ఆమెకు తెలిసిపోతుంది. అప్పటికీ మాస్టర్స్ కావాలనిపిస్తే బెంగళూరు నేషనల్ లా స్కూల్, ఐఐటీ బాంబే పాలసీ కోర్సులను, బెంగళూరు ఐఐఐటీలోని డిజిటల్ సొసైటీ ఎంఎస్సీని పరిశీలించవచ్చు. 1885 నాటి టెలిగ్రాఫ్ చట్టం స్థానంలో 2023లో కొత్త టెలికమ్యూనికేషన్ల చట్టం వచ్చింది, అదే ఏడాది వ్యక్తిగత డేటా రక్షణ చట్టం కూడా వచ్చింది. వాటిని అమలు చేయాల్సిన బ్యాంకులకు, ఆసుపత్రులకు, టెలికాం కంపెనీలకు చట్టం, సాంకేతికత రెండూ తెలిసిన మనుషులు కావాలి కాబట్టి, పని దొరకదేమోనన్న బెంగ మీరు పెట్టుకోవద్దు.

ప్లేస్‌మెంట్ల కోచింగ్ మాత్రం మానవద్దని ఆమెతో చెప్పండి. టెలికాం లేదా నెట్‌వర్కింగ్ కంపెనీలో రెండేళ్ల ఉద్యోగం తర్వాత ఆమె పాలసీ గురించి మాట్లాడితే ఆ మాటకు బరువుంటుంది. ఈ సెలవుల్లో ట్రాయ్ వెబ్‌సైట్‌లో ఉన్న చర్చాపత్రాల్లో ఒకదాన్ని తీసుకుని, అందులోని ప్రశ్నలకు తన జవాబులు రాసి గడువులోగా పంపమనండి; అభిప్రాయం ఎవరైనా పంపవచ్చు, ఖర్చేమీ లేదు. పంపే ముందు దాన్ని తెలుగులో మీకు వివరించమని అడగండి. విన్నాక మీకు ఏమనిపించిందో, ఈసారి ఆమెతో కలిసి నాకు రాయండి.