న్యూజిలాండ్‌లో గొర్రెలు మూడో వంతుకు తగ్గితే, మాంసం కూడా అంతే తగ్గిందా?

లేదు. తగ్గిన మాట నిజమే కానీ, మంద తగ్గినంతగా మాంసం తగ్గలేదు.

1982లో అక్కడ గొర్రెలు 7 కోట్లకు పైనే. ఇప్పుడు రెండున్నర కోట్ల లోపే. 1984లో వచ్చిన ప్రభుత్వం రైతుల సబ్సిడీలను ఎత్తేయడంతో పతనం వేగం పుంజుకుంది. ఆ తర్వాత ఉన్ని ధర పడిపోయింది. కాంటర్‌బరీ, సౌత్‌లాండ్ ప్రాంతాల్లో మంచి నేలలు పాడి ఆవులకు పోయాయి. ఈమధ్య కార్బన్ క్రెడిట్ల (చెట్లు పీల్చుకున్న కార్బన్‌కు దక్కే, అమ్ముకోదగ్గ హక్కుల) కోసం కొండ భూముల్లో పైన్ చెట్లు కూడా నాటుతున్నారు.

మరి మాంసం ఎలా నిలబడింది? ఒకప్పుడు 100 తల్లి గొర్రెలకు 100 పిల్లలు దక్కితే, ఇప్పుడు 130 దాకా దక్కుతున్నాయి. చూలు గొర్రెలకు స్కానింగ్ చేస్తారు. కడుపులో కవలలుంటే వీపు మీద రంగు గుర్తు వేసి, మంచి పచ్చిక ఉన్న చోటికి తోలతారు. నాకైతే అసలు కిటుకు ఇదే అనిపిస్తుంది. పైగా కోసిన పిల్ల బరువు 1990లో సుమారు 14 కిలోలుంటే, ఇప్పుడు 18, 19 కిలోలు తూగుతోంది.

అక్కడి లెక్కల్లో ‘లాంబ్’ అంటే ఏడాది నిండని పిల్ల, ‘మటన్’ అంటే ముదురు గొర్రె. మనలాగా మేకనూ గొర్రెనూ కలిపి మటన్ అనేయరు. ఉత్పత్తిలో 90 శాతానికి పైగా ఎగుమతికే. ఒకప్పుడు బ్రిటన్ పెద్ద గిరాకీ, ఇప్పుడు చైనా.