ఒక్కదానివే అరుణాచలం వెళ్తున్నావుగా, ఇది చదువు

చిట్టితల్లీ,

సెలవు పెట్టి ఒక్కదానివే అరుణాచలం వెళ్తానంటున్నావని మీ అమ్మ ఫోన్ చేసింది. తనకి టెన్షన్. నాకు మాత్రం చాలా సంతోషంగా ఉంది. ఏళ్లుగా ఆ కొండ చుట్టూ తిరుగుతున్నదాన్ని కాబట్టి నాలుగు మాటలు రాస్తున్నాను.

పౌర్ణమికి వెళ్లకు. కార్తీక దీపానికి అసలే వద్దు. ఆ జనంలో ఉండే భక్తి గొప్పదే, కానీ నువ్వు వెళ్లేది నీతో నువ్వు గడపడానికి. మామూలు రోజులు చూసుకో, ఎండాకాలం మానుకో. కాట్పాడిలో దిగి, వేలూరు నుంచి బస్సెక్కితే సరి. వెలుతురుండగానే ఊళ్లో దిగేలా చూసుకో. రమణాశ్రమంలో గది కావాలంటే చాలా ముందుగా అడగాలి. దొరక్కపోతే ఆ చుట్టుపక్కలే బోలెడు గదులున్నాయి. తలుపు గడియ సరిగ్గా పడుతుందో లేదో చూశాకే డబ్బు కట్టు. భాష గురించి బెంగ వద్దు, మనవాళ్లు అంతగా వెళ్తున్నారక్కడికి.

రామేశ్వరం, మధురై, పాండిచ్చేరి కూడా చుట్టి వస్తానన్నావట. వద్దమ్మా. ఊళ్లు ఎక్కువైతే టైమ్ అంతా బస్సులకీ గదులకీ పోతుంది. రమణ మహర్షి 1896లో, పదహారేళ్ల వయసులో, మూడు రూపాయలు తీసుకుని మధురైలో ఇల్లు వదిలి వచ్చారు. 1950లో సిద్ధి పొందేదాకా ఆ కొండను విడిచి వెళ్లలేదు. అంత కాకపోయినా, ఒక్క వారం ఒకేచోట కుదురుగా ఉండు.

గిరిప్రదక్షిణ పద్నాలుగు కిలోమీటర్లు. తెల్లవారుజామున ఐదింటికి బయల్దేరు, అంతకంటే ముందు చీకట్లో ఒక్కదానివే వద్దు. కొండ ఎప్పుడూ నీ కుడిచేతి వైపు ఉండాలి. చెప్పుల్లేకుండా నడుస్తాం కదా, తారు రోడ్డు గరుకు అరికాలికి గుచ్చుకుంటుంది. అంచున వేసిన తెల్లగీత కాస్త నున్నగా ఉంటుంది, దాని మీద నడువు. ఇంద్ర లింగం నుంచి ఈశాన్య లింగం దాకా ఎనిమిది లింగాలు వస్తాయి. ప్రతి చోటా ఫోటో తీయాలనేం లేదు. మొదటి గంటంతా ఆఫీసులో ఎవరేమన్నారో, నువ్వేం అనాల్సిందో, అదే తిరుగుతుంది బుర్రలో. తిరగనీ. ఆది అణ్ణామలై గుడి దాటేసరికి కాళ్లు మంటపుట్టి, తర్వాతి అడుగు ఎక్కడ వేయాలా అన్నదే పనైపోతుంది. అప్పుడు ఫోన్ తీయకు. తొందరపడి ఆటో ఎక్కకు. నిజంగా ఒంట్లో బాగోకపోతే ఎక్కు, అందులో తప్పేం లేదు.

అసలు కష్టం నడకలో ఉండదు. రెండో రోజు మధ్యాహ్నం భోజనం అయ్యాక వస్తుంది. చేయడానికి పని ఉండదు, మాట్లాడ్డానికి మనిషి ఉండరు. ఎందుకొచ్చానా అనిపిస్తుంది, కారణం లేకుండా ఏడుపొస్తుంది. చాలామంది అక్కడే టికెట్ మార్చుకుంటారు. నువ్వు మాత్రం ఆ పూట లేచి ఆశ్రమం పాత హాల్లోకి వెళ్లి ఓ మూల కూర్చో. అక్కడ ఎవరూ మాట్లాడరు, నిన్ను ఏమీ అడగరు. కావ్యకంఠ గణపతి ముని అనే సంస్కృత పండితుడు, మన బొబ్బిలి దగ్గరి కలువరాయి ఆయన, ఏళ్ల తరబడి జపం చేసి, 1907లో మహర్షి దగ్గరికొచ్చి అసలు తపస్సంటే ఏమిటని అడిగారు. ఈ ‘నేను’ అనేది ఎక్కడినుంచి పుడుతోందో గమనించు, అదే తపస్సు అన్నది ఆయనకు దొరికిన జవాబు సారాంశం. నీకది పెద్ద వేదాంతంలా అనిపించొచ్చు. నువ్వు చేయాల్సింది చిన్నపనే. దిగులేసినప్పుడు ‘ఈ దిగులు ఎవరికి?’ అని నిన్ను నువ్వే అడుగు. ‘నాకు’ అనిపిస్తుంది. ఆ ‘నేను’ ఎవరో చూడు. జవాబు రాకపోయినా కూర్చో. నా అనుభవంలో ఆ ప్రయాణం మొత్తంలో విలువైన గంట అదే.

కొండ మీద మహర్షి కొన్నేళ్లు ఉన్న స్కందాశ్రమానికి పగటిపూటే వెళ్లు, నలుగురూ నడిచే దారిలో. అక్కణ్నుంచి పైకి కొండెక్కకు. చేతిలో తినేవి పట్టుకుంటే కోతులు లాక్కుంటాయి. నిన్ను చూడగానే ‘నీలో ఏదో శక్తి ఉంది’ అనేవాళ్లు, విడిగా దీక్ష ఇస్తామనేవాళ్లు కనిపిస్తే నమస్కారం పెట్టి వచ్చెయ్. కాషాయం కట్టారు కదా అని మొహమాటపడకు. డాక్టరు రాసిన నిద్రమాత్రలు మాత్రం ధ్యానం పేరుతో సొంతంగా ఆపొద్దు, అది గట్టిగా చెప్తున్నాను.

తిరిగొచ్చాక ‘ఏం దొరికింది?’ అని అందరూ అడుగుతారు. చెప్పాలనిపిస్తేనే చెప్పు. ఏమీ దొరకలేదనిపించినా ఇంకోసారి వెళ్లడానికి వెనకాడకు.

రోజూ రాత్రి ఎనిమిదింటికి మీ అమ్మకి ఒక్క ఫోన్ చెయ్, చాలు. తనకి నేను నచ్చజెప్తాను. గది ఖాయమయ్యాక ఆ అడ్రసు నాకూ పంపు.

ప్రేమతో,
పెద్దమ్మ