తాళం పడిన కారులోంచి బయటపడే క్లిక్ గేమ్‌ని వాక్‌త్రూ చూడకుండా పూర్తి చేయడం ఎలా?

మీ పరిస్థితి నాకు అర్థమైనంత వరకు ఇదీ: కారులో ఇరుక్కుపోయే పాయింట్ అండ్ క్లిక్ గేమ్ ఆడుతున్నారు, తలుపులు రావట్లేదు, గ్లవ్ బాక్స్ నాలుగంకెల కోడ్ అడుగుతోంది, చేతిలో ఒక స్క్రూడ్రైవర్, ఒక నాణెం ఉన్నాయి, వాటిని ఎక్కడ వాడాలో తెలియట్లేదు, యూట్యూబ్‌లో వాక్‌త్రూ (గేమ్ మొత్తం ఎలా ఆడాలో చూపించే వీడియో) చూసేస్తే మజా పోతుందని చూడట్లేదు. చూడకపోవడం మంచి పని. గేమ్ పేరు రాయలేదు కాబట్టి నేరుగా కోడ్ చెప్పలేను, చెప్పగలిగినా చెప్పేవాణ్ని కాదనుకోండి. కానీ కారు, వ్యాన్, రైలు పెట్టె, లిఫ్ట్ ఇలాంటి ఇరుకు చోట్ల జరిగే గేములు ఫ్లాష్ (బ్రౌజర్‌లో గేములు నడిపిన పాత సాఫ్ట్‌వేర్) రోజుల నుంచి ఆడుతున్నాను కాబట్టి ఎక్కడ వెతకాలో చెప్తాను.

ముందుగా ఒక్క మాట. తాళం వేసిన గదిలోంచి బయటపడే గది గేమ్ వేరు, బండి గేమ్ వేరు. 2004లో జపాన్‌కి చెందిన తోషిమిత్సు తకాగి చేసిన క్రిమ్సన్ రూమ్ వచ్చాక ఈ గది గేములకి ఊపొచ్చింది. గది అయితే తయారుచేసేవాడికి ఇష్టమొచ్చిన చోట బీరువా, ఇష్టమొచ్చిన చోట పటం పెట్టుకోవచ్చు. కారులో ఆ సౌకర్యం లేదు. స్టీరింగ్ ఎక్కడుంటుందో, సీటు కింద ఏముంటుందో ఆడేవాళ్లందరికీ తెలుసు. అందుకని పజిల్‌ని కారు భాగాల్లోంచే పుట్టించాలి. నేను గమనించినంతలో అది దాదాపు ఎప్పుడూ ఒకే పద్ధతిలో ఉంటుంది: కదలని భాగాలు అంకెలు చెప్తాయి, కదిలే భాగాలు వస్తువులు దాస్తాయి. స్పీడోమీటర్, గడియారం, రేడియో, నంబర్ ప్లేట్, గేర్ నాబ్ మీద బొమ్మ, ఇవన్నీ కోడ్‌లు. మ్యాట్, సన్ వైజర్, హెడ్‌రెస్ట్, సీటు వెనక జేబు, ఆష్‌ట్రే, ఇవన్నీ దాపుడు చోట్లు. మీరు కోడ్ కోసం మ్యాట్ కింద వెతుకుతూ, తాళంచెవి కోసం డాష్‌బోర్డ్ మీద క్లిక్ చేస్తూ ఉంటే గంటలు గడిచిపోతాయి.

స్క్రూడ్రైవర్ సంగతి. మంకీ ఐలాండ్ అనే పాత అడ్వెంచర్ గేమ్ తయారుచేసిన రాన్ గిల్బర్ట్ 1989లోనే ఒక వ్యాసంలో రాశాడు, ఆటగాడికి ముందు సమస్య కనిపించాలి, ఆ తర్వాతే దాన్ని తీర్చే వస్తువు దొరకాలి అని. తాళంచెవి ముందు దొరికి తాళం తర్వాత కనిపిస్తే ఆ వస్తువుని ఎందుకు మోస్తున్నామో మనకే తెలియదు. బుద్ధిగా చేసిన గేములన్నీ ఈ పద్ధతే పాటిస్తాయి. అంటే స్క్రూడ్రైవర్ మీ చేతికొచ్చేసరికి మీరు ఆ స్క్రూని ఈపాటికే చూసి ఉండాలి, అది స్క్రూ అని గుర్తుపట్టకుండా దాటేసి ఉంటారు. కారులో స్క్రూలు ఉండే చోట్లు తక్కువ: తలుపు లోపలి స్పీకర్ జాలీ, రూఫ్ లైట్ మూత, డోర్ హ్యాండిల్ వెనక, స్టీరింగ్ కింద ఫ్యూజు బాక్స్ దగ్గర ప్యానెల్. ఈ నాలుగింటినీ దగ్గరగా జూమ్ చేసి చూడండి. మామూలు వ్యూలో స్క్రూ ఒక చుక్కలా ఉంటుంది, జూమ్ చేస్తేనే దాని మీద గీత కనిపిస్తుంది. ఆ గీత ఒక్కటే అయితే దానికి స్క్రూడ్రైవర్ కాదు, మీ నాణెమే సరిపోవచ్చు.

ఇక అసలు కోడ్. ఇక్కడ నేను ఆడిన ఒక వ్యాన్ గేమ్ గురించి చెప్పాలి, ఎందుకంటే మీది కూడా అలాంటిదేనేమో అని నా అనుమానం. రాత్రిపూట పార్కింగ్‌లో వ్యాన్, లోపల మనం. ముందు, వెనక, కుడి, ఎడమ, కింద పెడల్స్ వైపు ఒకటి, అంతే వ్యూలు. లోపలి మిర్రర్ మీద క్లిక్ చేస్తే పెద్దదవుతుంది, అందులో వెనకాల దూరంగా ఒక షాపు, దాని మీద ఎర్రటి డిజిటల్ గడియారం, 20:51 అని. వెనక్కి తిరిగి నేరుగా చూద్దామంటే హెడ్‌రెస్ట్ అడ్డు, అది కావాలనే పెట్టాడు. నాలుగంకెలు కావాలి, నాలుగంకెలు దొరికాయి, ఇంకేం, కొట్టేయడమే అనుకుంటాం. అప్పుడు పక్కన కూర్చుని చూస్తున్న మా మేనల్లుడు, "మామయ్యా, ఆ షాపు బోర్డు చదవడానికి రావట్లేదేంటి, అక్షరాలు తిరగబడ్డాయి" అన్నాడు. అక్కడితో అయిపోయింది పజిల్. అక్షరాలు తిరగబడ్డాయంటే గడియారం కూడా తిరగబడినట్టే కదా.

డిజిటల్ అంకెల్ని ఏడు గీతలతో వేస్తారని మీకు తెలిసే ఉంటుంది. ఆ అంకెల్ని అద్దంలో చూస్తే 2 కాస్తా 5 అవుతుంది, 5 కాస్తా 2 అవుతుంది. 0, 1, 8 మాత్రం అలాగే ఉంటాయి. వరస కూడా వెనక నుంచి ముందుకి మారుతుంది. కాబట్టి అద్దంలో 20:51 అంటే అసలు టైమ్ 12:05. తమాషా ఏంటంటే రెండూ నిజమైన టైములే, అందుకే ఎవరికీ అనుమానం రాదు. మిగతా అంకెలు, అంటే 3, 4, 6, 7, 9, అద్దంలో చూస్తే అసలు అంకెల్లాగే ఉండవు, కాబట్టి అద్దం పజిల్ చేసేవాడు వాటి జోలికి పోడు. మీ గేమ్‌లో మిర్రర్‌లో గానీ కిటికీ అద్దంలో ప్రతిబింబంగా గానీ కనిపించే అంకెలన్నీ 0, 1, 2, 5, 8 లోంచే ఉంటే తొంభై పాళ్లు తిప్పి చదవాల్సిందే. (అంబులెన్స్ ముందు పేరు తిప్పి రాస్తారు చూడండి, ముందు వెళ్లేవాడి మిర్రర్‌లో సరిగ్గా కనిపించాలని, ఇదీ అదే లెక్క.) కానీ కొందరు డిజైనర్లు బద్ధకస్తులు, మిర్రర్‌లో బొమ్మని తిప్పకుండానే అతికించేస్తారు. అందుకని అదే మిర్రర్‌లో ఏదైనా రాత కనిపిస్తోందా, అది సూటిగా ఉందా తిరగబడిందా అని ముందు చూసుకోండి. రాత సూటిగా ఉంటే అంకెలూ సూటిగానే చదవాలి.

మిర్రర్‌లో ఏమీ లేకపోతే రెండో అనుమానం నంబర్ ప్లేట్. ఈ గేముల్లో చాలావరకు జపాన్ వాళ్లు చేసినవి, అక్కడి ప్లేట్ల మీద పెద్దగా నాలుగంకెలు, మధ్యలో ఒక చిన్న గీత ఉంటాయి. నాలుగంకెల తాళానికి అంతకంటే దగ్గరి చుట్టం ఎవరుంటారు! మీ బండి ప్లేటు మీకు లోపల్నుంచి కనిపించదు, కాబట్టి ఎదురుగా ఆగిన బండిదో, సన్ వైజర్‌లో దొరికిన ఫోటోలోదో అయ్యుంటుంది. జపాన్‌లో కూడా మనలాగే స్టీరింగ్ కుడివైపు ఉంటుంది, గ్లవ్ బాక్స్ ఎడమవైపు. అమెరికా వాళ్లు చేసిన గేమ్ అయితే ఇదంతా తారుమారు, అలవాటు లేక మన చేయి తప్పు వైపు వెళ్తుంది.

రేడియో గురించి ఒక మాట. డిస్‌ప్లే మీద 80.0 లాంటి ఎఫ్ఎం నంబర్ కనిపిస్తే అది తప్పేమోనని కొట్టిపారేయకండి. మనకి ఎఫ్ఎం అంటే 88 నుంచి 108 మధ్యలో ఉండాలని బుర్రలో పాతుకుపోయింది, హైదరాబాద్ వివిధ భారతి 102.8 లాగా. జపాన్‌లో ఎఫ్ఎం 76 నుంచి 95 దాకా, కాబట్టి 80.0 అక్కడ మామూలు స్టేషన్ నంబరే, కోడ్‌లో భాగం కావచ్చు. ఇంకోటి, రేడియో ఉన్న గేమ్ అయితే సౌండ్ ఆపి ఆడకండి. ఆఫీసులో దొంగచాటుగా మ్యూట్‌లో ఆడేవాళ్లు ఇక్కడే ఇరుక్కుంటారు, బీప్‌లు లెక్కపెట్టాల్సిన పజిల్ వాళ్లకి అసలు ఉన్నట్టే తెలియదు. ఇండికేటర్ టిక్ టిక్ కూడా అంతే, ఎడమ ఎన్నిసార్లు, కుడి ఎన్నిసార్లు.

రేడియో పలకట్లేదంటే ఫ్యూజు పోయిందన్నమాట. నిజం కార్లలో ఫ్యూజుల రంగులకి ఒక లెక్క ఉంది: ఎరుపు 10 ఆంపియర్లు, నీలం 15, పసుపు 20, ఆకుపచ్చ 30. స్పేర్ ఫ్యూజులు చాలా బళ్లలో ఫ్యూజు బాక్స్ మూత లోపలి వైపే గుచ్చి ఉంటాయి. ఇది మా వీధి చివర మెకానిక్ షెడ్డులో తెలిసిన విషయం, గేమ్‌లో పనికొస్తుందని మాత్రం అప్పుడు అనుకోలేదు. నేను చెప్పిన ఆ వ్యాన్ గేమ్‌లో మూత తెరిచాక అందరూ ఖాళీ గాడినే చూస్తారు, మూతని తిప్పి చూడరు. ఎక్కడైనా మూత తీస్తే దాని వెనక వైపు కూడా క్లిక్ చేయండి. రంగుల పట్టీ కనిపించి, పక్కన అంకెల తాళం ఉంటే 10, 15, 20, 30 ఒకసారి వేసి చూడండి, అయితే చాలామంది డిజైనర్లకి ఆంపియర్ల గొడవ పట్టదు, వాళ్లకి రంగుల వరసే ముఖ్యం.

గేర్ రాడ్ నాకు బాగా నచ్చే పజిల్. బాణం గుర్తుల తాళం ఉంది, పైకి కిందకి మాత్రమే నొక్కాలి, ఎక్కడా బాణాలు కనిపించవు, ఒక కాగితం మీద 1 4 2 3 అని మాత్రం ఉంది. గేర్ నాబ్ మీద బొమ్మ చూడండి. మామూలు ఐదు గేర్ల బండిలో 1, 3, 5 ముందుకి తోయాలి, 2, 4 వెనక్కి లాగాలి. అంటే 1 4 2 3 కాస్తా పైకి, కిందకి, కిందకి, పైకి. రోజూ బండి నడిపేవాళ్లకి ఇది చేతికే తెలుస్తుంది, డ్రైవింగ్ రాని పిల్లలు మాత్రం తల పట్టుకుంటారు. రివర్స్ ఎటు ఉంటుందన్నది బండిని బట్టి మారుతుంది కాబట్టి R ఉంటే నాబ్ మీద బొమ్మే నమ్మాలి.

కోడ్ కనుక్కోకుండా వరసగా కొట్టి చూద్దామా అంటే, నాలుగంకెలకి పది వేల అవకాశాలు, వేళ్లు అరిగిపోతాయి. కానీ అంకెలు నాలుగూ తెలిసి, వేర్వేరు అంకెలై, వరస ఒక్కటే తెలియకపోతే మొత్తం 24 మాత్రమే. అది మోసం కాదని నా అభిప్రాయం, వరసకి క్లూ సరిగ్గా ఇవ్వని డిజైనర్‌దే తప్పు. పూర్వం ఫ్లాష్ గేముల్లో ట్యాబ్ కీ నొక్కితే క్లిక్ చేయదగిన చోట్ల చుట్టూ పసుపు గడి పడేది, అదొక పెద్ద దొంగదారి, తర్వాత తర్వాత దాన్ని కూడా మూసేశారు. 2020 డిసెంబర్ 31తో అడోబీ ఫ్లాష్‌కి సపోర్ట్ ఆపేసింది, ఆ పాత గేములు ఇప్పుడు రఫుల్ లాంటి ఎమ్యులేటర్ల (ఫ్లాష్ లేకపోయినా దాని పని చేసిపెట్టే ప్రోగ్రాముల) మీద నడుస్తున్నాయి. మీది అలా నడుస్తున్న పాత గేమ్ అయితే, ఒక వస్తువు ఎంత నొక్కినా పలకనప్పుడు పేజీ ఒకసారి రీలోడ్ చేసి చూడండి, పజిల్ తప్పు కాకుండా ఎమ్యులేటర్ తప్పు కూడా అయ్యుండొచ్చు.

డిక్కీలో ఇరుక్కున్న సీన్ వస్తే చీకట్లో మెరిసే చిన్న హ్యాండిల్ కోసం చూడండి. అమెరికాలో 2002 మోడల్ కార్ల నుంచి డిక్కీ లోపల్నుంచి తెరుచుకునే పిడి తప్పనిసరి, అది చీకట్లో కనపడాలి కూడా, కాబట్టి అక్కడివాళ్లు చేసిన గేముల్లో అది సహజంగా వచ్చేస్తుంది. వెనక సీటు తలుపు రావట్లేదంటే చైల్డ్ లాక్ అనుకోండి, దాని మీట తలుపు అంచున ఉంటుంది, తలుపు తెరిస్తే తప్ప అందదు, అందుకని వెనక తలుపు మీద టైమ్ పాడుచేసుకోవద్దు. నిజం కారైతే ముందు తలుపు హ్యాండిల్ లాగితే చాలాసార్లు వచ్చేస్తుంది, గేమ్‌లో ఆ తెలివి చెల్లదు. హెడ్‌రెస్ట్ పీకి దాని ఇనప కడ్డీలతో కిటికీ పగలగొట్టడం కూడా అంతే, నాకు తెలిసి ఏ డిజైనరూ దానికి ఒప్పుకోడు. కానీ హెడ్‌రెస్ట్ మాత్రం పైకి లాగి చూడండి, కడ్డీల మధ్య కాగితం చుట్టి పెట్టడం వీళ్లకి మహా ఇష్టం.

ఇక మీ నాణెం. గీత ఉన్న మూత ఎక్కడా దొరక్కపోతే, గ్లవ్ బాక్స్ తెరిచాక అందులో కారు రిమోట్ దొరికే అవకాశం ఎక్కువ, దాన్ని నొక్కితే ఏమీ జరగదు, బ్యాటరీ అయిపోయి ఉంటుంది. అప్పుడు బ్యాగ్‌లో (దొరికిన వస్తువులన్నీ కనిపించే చోట) ఆ రిమోట్ మీద ఇంకోసారి క్లిక్ చేసి పెద్దగా చూడండి, ఈ జపాన్ గేముల్లో వస్తువుని పెద్దది చేసి తిప్పి చూడటం సగం ఆట. వెనక అంచులో సన్నటి గాడి కనిపిస్తే నాణెం అక్కడ పెట్టి తిప్పండి. లోపల వేయడానికి కొత్త బ్యాటరీ సెల్ ఇంకెక్కడా దొరకలేదా, రిమోట్ పక్కనున్న చిన్న బటన్ నొక్కండి. చాలా రిమోట్లలో లోపల ఒక మామూలు తాళంచెవి దాగి ఉంటుంది, సెల్ పోయినా అది పనిచేస్తుంది.