ఓడ దొంగకు ఫ్లాష్‌బ్యాక్ ఎందుకమ్మా?

అనంతపురం

అమ్మాయీ,

నీ కథ అందింది. 42 పేజీలు. అక్షరాలు మరీ చిన్నవి పెట్టావు, చదవడానికి రెండు రాత్రులు పట్టింది. నిజం చెప్పాలంటే జవాబు రాయకూడదనే అనుకున్నాను. పదిహేడో పేజీకి వచ్చేసరికి కాగితాలన్నీ చుట్టి మంచం కింద పెట్టేశాను. పొద్దున ఉగ్గాని తింటుంటే నీ తొమ్మిదో పేజీ గుర్తొచ్చి మళ్లీ బయటికి తీశాను.

తొమ్మిదో పేజీలో నావికుడొకడు జ్వరంతో పోతాడు. కెప్టెన్ టోపీ తీసి నాలుగు మంచి మాటలు చెప్పి, శవాన్ని నీళ్లలోకి దింపించి, వెనక్కి తిరిగి, "ఈ పూటకి ఒక రొట్టె మిగిలింది" అంటాడు. అందరూ నవ్వుతారు. ఆ రొట్టె విరిచి సగం జేబులో వేసుకుంటాడు, సగం వంటగదిలో పనిచేసే పిల్లాడి చేతిలో పెడతాడు. బాగుంది. కానీ ఆ కిందే ఏం రాశావు? "ఆ కరుడుగట్టిన గుండెలో ఎక్కడో మానవత్వం ఇంకా మిగిలే ఉంది." ఎవరడిగారమ్మా నిన్ను?

ఇక పదిహేడో పేజీ. కెప్టెన్ వెన్నెల్లో కూర్చుని పిల్లాడికి తన చిన్నతనం చెప్తాడు. ఇల్లు తగలబడటం, తల్లి చావు, చెల్లెలి గాజులు. నాలుగు పేజీలు. అంతసేపూ ఓడ ఎవరు నడుపుతున్నారో తెలియదు. నాలుగు పేజీలయ్యాక వాడు ఓడ దొంగ కాదు, సానుభూతి కోసం క్యూలో నిలబడినవాడు.

సముద్రపు దొంగల కెప్టెన్ ఎందుకు చమత్కారంగా మాట్లాడతాడో నువ్వు ఆలోచించలేదు. 1724లో లండన్‌లో అచ్చయిన ఓడ దొంగల చరిత్ర ఒకటి ఉంది. అందులో బార్తొలొమ్యూ రాబర్ట్స్ అనే కెప్టెన్ ఓడ మీది కట్టుబాట్లు ఇచ్చారు. ప్రతివాడికీ ఓటు. దోచిన సొమ్ములో కెప్టెన్‌కి రెండు వాటాలు. కొట్లాటలో కాలో చెయ్యో పోతే 800 వెండి నాణేలు. ఆ కాలపు దొంగల ఓడల్లో కెప్టెన్ మాటకి ఎదురులేనిది వేటలో, పోరులో మాత్రమే. మిగతా వేళల్లో పదిమందీ కలిసి వద్దంటే దిగిపోవాల్సిందే. మన సర్పంచ్‌కైనా అయిదేళ్ల ధీమా ఉంటుంది, వాడికి అదీ లేదు. చుట్టూ ఆకలి మీదున్న జనం, అందరి నడుముల్లోనూ కత్తులు. వాళ్లు నవ్వినంతసేపు లెక్క అడగరు. జోకు వాడికి అలంకారం కాదు, వాడి కూడు. నీ కెప్టెన్ పన్నెండు జోకులు వేశాడు, లెక్కపెట్టాను. పదకొండు పాఠకుడి కోసం వేశాడు, ఓడ మీద ఒక్కడూ విన్నట్టు లేదు. రొట్టె జోకు ఒక్కటే ఓడలో పుట్టింది.

1883లో పుస్తకంగా వచ్చిన స్టీవెన్సన్ 'ట్రెజర్ ఐలాండ్' నువ్వు చదివే ఉంటావు. చదివితే మళ్లీ చదువు. జిమ్ అనే కుర్రాడు ఆపిల్ పండు కోసం పీపాలోకి దిగుతాడు. బయట ఒంటికాలి వంటవాడు, లోలోపల ఓడ దొంగే అయిన లాంగ్ జాన్ సిల్వర్ ఎవరో కుర్ర నావికుణ్ని పొగుడుతుంటాడు, అంతకుముందు జిమ్‌ని పొగిడిన మాటలతోనే. ఓడలో మంచివాళ్లందరి ప్రాణాలూ పోయేట్టున్నాయని వినపడుతున్నా, జిమ్‌కి ఒళ్లు మండేది ఆ పొగడ్త దగ్గర. చేతనైతే పీపాలోంచే చంపేసేవాణ్ని అంటాడు. చూశావా, కుట్ర కంటే ముందు అసూయ. మనకీ అంతే, ఆ ముసలి దొంగ మనల్ని ఒక్కళ్లనే మెచ్చుకుంటే బాగుండునని ఉంటుంది.

తర్వాత అదే సిల్వర్ తెల్లజెండా పట్టుకుని జిమ్ వాళ్ల దగ్గరికి బేరానికి వస్తాడు. ఇప్పుడు తను కెప్టెన్ సిల్వర్. ఇసకలో కూర్చోమంటారు, కూర్చుంటాడు. బేరం చెడుతుంది. లేవడానికి చెయ్యి ఇవ్వమంటే ఒక్కడూ కదలడు. ఇసకలో పాక్కుంటూ వరండా దాకా పోయి, అది పట్టుకుని లేచి కర్ర చంకన పెట్టుకుంటాడు. ఆ పాకుతున్నంతసేపూ జాలేస్తుంది. లేచిన మరుక్షణం వాళ్లు తాగే నీటి ఊటలో ఉమ్మేస్తాడు. జాలి పడ్డ మన మొహం మీద పడినట్టే ఉంటుంది. చివర్లో ఒక సంచి నాణేలు ఎత్తుకుని పారిపోతాడు. ఉరీ లేదు, పశ్చాత్తాపమూ లేదు. ఆ మనిషిని ఎలా తయారు చేశాడో స్టీవెన్సనే రాసుకున్నాడు. తనకి ఎంతో ఇష్టమైన ఒక స్నేహితుణ్ని తీసుకుని, ఉన్నత గుణాలన్నీ ఊడబెరికి, బలం, ధైర్యం, చురుకు, కలుపుగోలుతనం మాత్రం ఉంచాడట. నువ్వేమో మంచి గుణాలన్నీ గుప్పించి, దొంగతనం ఒకటి పైన అతికించావు.

ఇదంతా నాకు పుట్టుకతో తెలుసని అనుకోకు. నాకు పదకొండేళ్లప్పుడు కరువొచ్చింది. మా నాయన ఎద్దుల జతని అమ్మడానికి సంతకి తోలుకొస్తుంటే వెంట నడిచాను. దళారి ఒకడు తువ్వాల కింద మా నాయన చెయ్యి పట్టుకున్నాడు. బేరమంతా వేళ్ల మీదే, పైకి వినపడేది ఎగతాళి మాత్రం. "అన్నా, ఈ ఎద్దును నువ్వు తోలుకొచ్చినావా, అదే నిన్ను తోలుకొచ్చిందా?" చుట్టూ జనం పగలబడి నవ్వారు. మా నాయన కూడా నవ్వాడు. తువ్వాల తీసేసరికి ధర సగానికి దిగింది. సాయంత్రం ఆ దళారే కాగితంలో రెండు మిరపకాయ బజ్జీలు తెచ్చి నా చేతిలో పెట్టి, "మీ నాయనకు చెప్పొద్దు" అని కన్ను గీటి పోయాడు. తిన్నాను. వేడిగా ఉన్నాయి. మా నాయన పది గజాల అవతల ఉత్త పగ్గాలు చుట్టుకుంటున్నాడు.

ఇరవై ఏళ్ల తర్వాత వాడి మీద కథ రాశాను. నీలాగే. వాడి కూతురికి జబ్బు, మందులకి డబ్బుల్లేవు, అందుకే మోసం, చివర్లో మా నాయన కాళ్ల మీద పడి ఏడుపు. సంపాదకుడు మురిసిపోయి అచ్చేశాడు. ఉత్తరాలొచ్చాయి. ఆ ఊపులో మా నాయనకు చదివి వినిపించాను. అంతా విని బీడీ ఆర్పి, "వాడు యాడ ఏడ్సినాడు రా? నగిపిచ్చి కదా ఎద్దుల్ని తోలకపాయె" అన్నాడు. ఆ కథని నా ఏ సంపుటిలోనూ చేర్చలేదు.

ఆ సంపాదకుడే తర్వాత నా మంచి కథ ఒకటి తిప్పి పంపుతూ, "మీది సీమ కదా, బాంబులు లేవేం?" అని కార్డు రాశాడు. కార్డు ఇంకా ఉంది నా దగ్గర. అప్పట్లో బాంబు, ఇప్పుడు ఫ్లాష్‌బ్యాక్. విలన్ చిన్నప్పుడు ఏడవకపోతే కథకి లోతు లేదంటున్నారు. లోతు కావాలంటే బోరు వేసుకోమను.

కెప్టెన్ మంచివాడా చెడ్డవాడా చివరికి తేల్చాలా అని అడిగావు. కడప పిల్లవి, నువ్వు అడగాల్సిన ప్రశ్న కాదు. 1800లో నిజాం మన జిల్లాల్ని ఈస్టిండియా కంపెనీకి ధారపోసి, మన్రో కలెక్టరుగా వచ్చేనాటికి ఇక్కడంతా పాలెగాళ్లు. కావలి రుసుము కట్టిన ఊరికి కాపలాదారు, కట్టని ఊరికి దోపిడీదారు, ఇద్దరూ ఒకే మనిషైన చోట్లు ఉన్నాయి. కంపెనీ కూడా పన్ను వసూలుకే వచ్చింది, కాకపోతే రసీదు ఇచ్చేది. పట్టుబడ్డ ఓడ దొంగ ఒకడు అలెగ్జాండర్ చక్రవర్తితో, "నాకున్నది చిన్న ఓడ కాబట్టి దొంగనంటున్నారు, నీకు పెద్ద నౌకాదళం ఉంది కాబట్టి చక్రవర్తివంటున్నారు" అన్న కథని క్రైస్తవ గురువు సెయింట్ అగస్టీన్ ఎప్పుడో అయిదో శతాబ్దంలో రాశాడు. ఆ దొంగ మాటలో ఎంత నిజముందో అంత మోసముంది. చక్రవర్తి తప్పు చూపిస్తే తన తప్పు మాఫీ కాదు కదా. ఆ రెండోది కూడా పాఠకుడికి వినపడేట్టు రాయగలిగితే చాలు, నువ్వు తేల్చక్కర్లేదు.

సముద్రం చూడకుండా రాయొచ్చా అన్నావు. ఏడాదికి దాదాపు 550 మిల్లీమీటర్ల వాన పడే జిల్లా నాది. ముప్పై దాటాక మద్రాసులో చూశాను, కాళ్లు తడుపుకుని వచ్చేశాను. నీ కథలో అలలు ఎక్కువ, మంచినీళ్లు తక్కువ. ఓడ మీద మనుషులకి కావాల్సింది తాగే నీళ్లు. అవి అడుగంటినప్పుడు మనుషులు ఎలా ఉంటారో మనకంటే ఎవరికి తెలుసు? ట్యాంకర్ దగ్గర బిందెల వరస చూసే ఉంటావు. అక్కడ అందర్నీ నవ్వించేవాడు ఒకడుంటాడు. ఈసారి వాడి బిందె ఎన్నోదో చూడు.

కలం పేరు గురించి కూడా ఏదో అడిగావు. ఆ కాగితం ఎక్కడ పెట్టానో కనపడటం లేదు.

పదిహేడు నుంచి ఇరవై దాకా తీసెయ్. తొమ్మిదో పేజీలో ఆ మానవత్వం వాక్యం కొట్టెయ్. సగం రొట్టె పిల్లాడి చేతిలో పెట్టించి అక్కడితో వదిలేశావు. చచ్చిపోయినవాడు ఆ పిల్లాడికి పాటలు నేర్పినవాడని అయిదో పేజీలో నువ్వే రాశావు. మరి వాడు ఆ రొట్టె తిన్నాడా? అది రాసి పంపు.