నీ కథలో ఎలుగుబంటిని నిద్రలేపు బాబూ

బాబూ,

నీ కథ చదివాను. వాట్సాప్‌లో పీడీఎఫ్ పంపి కింద "మేడమ్ గారూ మీ అమూల్యమైన అభిప్రాయం" అని రాసేవ్ చూడు, ముందు అది మానేయ్, మీ అమ్మకంటే నేను పెద్దదాన్నే అయ్యుంటా, పెద్దమ్మా అను చాలు. అభిప్రాయానికి అమూల్యం ఏం లేదు, ఎంవీపీ కాలనీలో సాయంత్రం పూట మిరపకాయ బజ్జీ పెట్టినవాళ్ళకి ఎవరికైనా చెప్పేస్తా.

కథ బావుంది. ఉత్తినే అనట్లేదు. జూలో ఎలుగుబంటిని చూసుకునే ముసలాయన ఫిబ్రవరిలో రిటైర్ అయిపోతాడు, ఎలుగేమో నవంబర్‌లో గుహలోకి వెళ్ళి పడుకుంది, ఉగాదికి గానీ లేవదు, అది కళ్ళు తెరిచేసరికి గిన్నె పట్టుకుని ఇంకెవరో నిలబడి ఉంటారు. ఆ చివరి పేరా చదివాక నాకు కాసేపు ఏం తోచలేదు, ఫోన్ పక్కన పెట్టి టీ పెట్టుకున్నా. టీ మరుగుతుండగా గుర్తొచ్చింది, అయ్యో, మన వైజాగ్ జూలో ఎలుగుబంటి నవంబర్‌లో ఎందుకు పడుకుంటుంది, అది ఏ నెల్లోనూ అలా పడుకోదు కదా అని.

కంగారు పడకు. ఈ తప్పు నేను నీకంటే ఘోరంగా చేశా, అది ముందు చెప్తా. మా చిన్నప్పుడు వన్‌టౌన్‌లో ఉండేవాళ్ళం. నెలగంట పెట్టగానే హరిదాసు వచ్చేవాడు, గంగిరెద్దులాయన వచ్చేవాడు, వాళ్ళ వెనకే ఒక్కో ఏడాది ఎలుగుబంటి ఆయన వచ్చేవాడు. ముక్కుకి తాడు, నల్లగా జడలు కట్టిన జుట్టు, అది నడుస్తుంటే పాదాలు లోపలికి తిరిగి, పెద్దావిడెవరో మోకాళ్ళ నొప్పులతో నడుస్తున్నట్టు ఉండేది. నాకు రాత్రుళ్ళు ఉలిక్కిపడి లేచే జబ్బు ఉండేదిట, మా నాయనమ్మ ఆయనకి మానెడు బియ్యం పోసి నన్నెత్తి దాని వీపు మీద కూర్చోబెట్టేసింది. ఆ వాసన ఇప్పటికీ మర్చిపోలేదు, తడిసిన గోనెసంచి, మాగిన పండు కలిపినట్టు. కింద దాని ఊపిరి నా కాళ్ళకి తెలుస్తోంది, వెచ్చగా, పైకీ కిందకీ. దిగాక ఆయన ఒక వెంట్రుక పీకి రాగి తాయెత్తులో పెట్టి ఇచ్చాడు, అది నా మెళ్ళో రెండేళ్ళుంది. (భయం పోలేదు, అది వేరే సంగతి. ఆ ముక్కుతాడు ఎలా వేస్తారో పెద్దయ్యాక తెలిసి ఇంకా భయమేసింది. మన దేశంలో ఆ ఆట 2009 నాటికి దాదాపుగా ఆగింది.)

చూసేవా, ధనుర్మాసం చలిలో, బాగా మెలకువగా ఉన్న ఎలుగుబంటి వీపెక్కి కూర్చున్నదాన్ని నేను. అయినా ఆ తర్వాత నలభై ఏళ్ళు "ఎలుగుబంట్లు చలికాలమంతా నిద్రపోతాయి" అనే నమ్మా, ఎందుకంటే స్కూల్ పుస్తకంలో అలాగే ఉంది, పరీక్షలో అదే రాస్తే మార్కులు వేశారు, తర్వాత ఒక కథలో కూడా అదే రాసేశా. ఒక్కసారంటే ఒక్కసారి కూడా మరి నేనెక్కింది ఏంటి అని అనుకోలేదు. నీకు చెప్పాలనుకున్నది ఇదే అసలు, మిగతాదంతా దీని చుట్టూ తిరగడమే.

ఇప్పుడు విషయంలోకి వస్తా, ఇది కాస్త పెద్దది, ఓపిగ్గా చదువు.

లోకంలో ఎలుగుబంట్లు 8 రకాలు. మన కొండల్లో తిరిగేది, ఇంగ్లీషులో స్లోత్ బేర్ అంటారే, అది. ఆ పేరు కూడా పొరపాటున వచ్చిందే, 1791లో జార్జ్ షా అని ఒకాయన దాని పొడుగాటి గోళ్ళు చూసి ఇది అమెరికాలో చెట్లకి వేలాడే స్లోత్ జాతి అనుకుని ఆ పేరు పెట్టేశాడు. పెద్ద శాస్త్రవేత్తే గోళ్ళు చూసి మొత్తం జంతువుని ఊహించేశాడంటే నువ్వూ నేనూ ఎంత. ఇది చెదలు, చీమలు తింటుంది. పై వరసలో ముందు పళ్ళు రెండు ఉండవు, ఆ సందులోంచి పీలుస్తుంది. మన అడవిలో చెదలకి సెలవుల్లేవు, చలికాలం రేగుపళ్ళు, ఎండలు మొదలవగానే ఇప్పపూలు, ఆ తర్వాత తునికి పళ్ళు, జీడిమామిడి, పనస, వానలు పడితే నేరేడు. కంచంలో ఎప్పుడూ ఏదో ఒకటి ఉన్నవాడు నిద్రెందుకు పోతాడు.

నువ్వు ఫోన్ చేసి అడుగుతావ్ నాకు తెలుసు, "మరి లంబసింగిలో అంత చలి కదా పెద్దమ్మా" అని. అక్కడే అందరం బోల్తా పడేది. నిద్ర చలి వల్ల కాదు బాబూ, తిండి లేక. చైనాలో పాండా మంచులో పడుతూ లేస్తూ తిరుగుతుంది, పడుకోదు, ఎందుకంటే వెదురు ఏడాదంతా పచ్చగానే ఉంటుంది, పైగా వెదురు తిని నెలల నిద్రకి సరిపడా కొవ్వు పట్టదు. ధ్రువపు ఎలుగు సంగతి ఇంకా వింత, అక్కడ చలికాలమే దానికి విందు, సముద్రం గడ్డకడితేనే సీల్ దొరుకుతుంది, అందుకని మగవి తిరుగుతూనే ఉంటాయి, కడుపుతో ఉన్న ఆడదే మంచులో గుహ తవ్వుకుని ఉండిపోతుంది. నిజంగా నిద్రపోయేవి అంటే గోధుమరంగు ఎలుగులు, అమెరికా నల్ల ఎలుగులు, మన హిమాలయ నల్ల ఎలుగులు, అవి కూడా ఆకులు రాలి, పళ్ళు అయిపోయి, నేల మంచుతో మూసుకుపోయే చోట్లలోనే. అదే హిమాలయ నల్ల ఎలుగు జాతి కశ్మీర్‌లో పడుకుంటుంది, కిందకి వెచ్చటి దేశాల్లో ఉన్నది మామూలుగా పడుకోదు. ఒకే రక్తం, తిండిని బట్టి తీరు మారింది.

ఆ నిద్ర కూడా నువ్వు రాసినట్టు కుంభకర్ణుడి నిద్ర కాదు. నీ కథలో భోగి డప్పులు మోగినా అది కదల్లేదని రాసేవ్, అలాస్కా ఎలుగైనా ఆ డప్పులకి లేచి కూర్చుంటుంది. అక్కడి యూనివర్సిటీవాళ్ళు, 2011లో అచ్చైన పరిశోధన అది, ఐదు నల్ల ఎలుగుల్ని అడవిలో మనుషుల అలికిడి లేనిచోట చెక్క గూళ్ళు కట్టి పెట్టారు, కెమెరాలు పెట్టి, ఒంట్లో చిన్న యంత్రాలు పెట్టి చలికాలమంతా చూశారు. గుండె నిమిషానికి 55 సార్లు కొట్టుకునేది 14కి దిగింది. ఒంట్లో ఖర్చు నాలుగో వంతుకి పడిపోయింది. కానీ ఒంటి వేడి మాత్రం 30 నుంచి 36 డిగ్రీల మధ్యే ఉంది, పెద్దగా చల్లబడలేదు. అదే అలాస్కాలో నేల ఉడత పడుకుంటే దాని ఒళ్ళు సున్నా కిందకి వెళ్ళిపోతుంది, అందుకే చాలాకాలం పెద్దలు ఎలుగుది అసలు సిసలు సుప్తావస్థ కాదని పేచీ పెట్టారు. ఒళ్ళు వెచ్చగా ఉంటుంది కాబట్టి ఎవరైనా వస్తే లేవగలదు, లేచి కొట్టగలదు.

నెలల తరబడి తినదు, తాగదు, ఒంటికీ రెంటికీ వెళ్ళదు, ఒంట్లో పుట్టే యూరియాని మళ్ళీ మాంసకృత్తులుగా మార్చేసుకుంటుంది. మనిషిని మూడు నెలలు మంచాన పడేస్తే ఎముకలు గుల్లైపోతాయి, దానికి అవ్వవు. తల్లి ఎలుగు ఆ నిద్రలోనే జనవరి ప్రాంతంలో పిల్లల్ని కంటుంది, అరకేజీ కూడా ఉండవు, వాటికి పాలిస్తూనే కునుకు తీస్తుంది. ఈ పేరా నీ కథకి పనికిరాదు, నాకే ఆశ్చర్యం ఆగక రాశా.

ఇక నీ కథకి నిజంగా కావాల్సిన ప్రశ్న, జూలో ఉన్నది ఏం చేస్తుంది అని. మన దేశపు ఎలుగు గురించి చెప్పేశా, దానికి ఆ చలికాలపు నిద్ర అడవిలోనూ లేదు, జూలోనూ లేదు. మరి పడుకునే జాతిని తెచ్చి జూలో పెడితే? రోజూ టైముకి గిన్నె వస్తుంటే చాలావాటికి నిద్ర రాదు. మందంగా ఉంటాయి, పెట్టింది సగం వదిలేస్తాయి, మూల గడ్డిలో ఎక్కువసేపు ముడుచుకుంటాయి, గిన్నె చప్పుడైతే మళ్ళీ లేచి వస్తాయి. అదే తిండి ఆపేసి చీకటి గూడు, గడ్డి, నిశ్శబ్దం ఇస్తే జూలోనే పడుకుంటాయి. వాషింగ్టన్ స్టేట్ యూనివర్సిటీలో గ్రిజ్లీలని, అంటే అమెరికా గోధుమరంగు ఎలుగుల్ని పెంచుతారు, అవి ఏటా పడుకుంటాయి. టోక్యోలో ఉఎనో జూవాళ్ళు 2006లో నల్ల ఎలుగు కోసం ప్రత్యేకంగా చల్లటి గది కట్టి, తిండి తగ్గిస్తూ వెళ్ళి నిద్రపుచ్చారు. అంటే నిద్ర తాళంచెవి ఎవరి చేతిలో ఉంది? గిన్నె పట్టుకున్నవాడి చేతిలో!

నీ ముసలాయన చేతిలో బాబూ. ఇది చదివి నువ్వే ఎగిరి గంతెయ్యాలి. నువ్వేమో నిద్ర వల్ల ఆయనకి వీడ్కోలు దక్కలేదని రాసేవ్, నిజమేమో ఆయన గిన్నె తెచ్చినన్నాళ్ళూ అది మెలకువగా ఉంటుందని. ఏది పెద్ద కథ? హిమాలయ ఎలుగునే పెట్టుకో కావాలంటే, గుండ్రటి పెద్ద చెవులు ఉంటాయి, మన ఎలుగుకి చింపిరి జుట్టు, పాలిపోయిన పొడుగు మూతి, రెండింటికీ ఛాతీ మీద తెల్ల మచ్చ ఉంటుంది కాబట్టి దాన్ని చూసి గుర్తుపట్టకు. మంచు ప్రాంతపు ఒళ్ళు, బీచ్ గాలి, డిసెంబర్‌లో కూడా చెమట పట్టే ఊరు, నవంబర్ వచ్చేసరికి ఏదో బరువు ఒంట్లో దిగుతుంటుంది, ఎందుకో దానికే తెలీదు, అంతలో గిన్నె చప్పుడు. నేను రాయను, నీకే వదిలేస్తున్నా.

లేదా మన ఎలుగునే ఉంచుతానంటే ఇంకో దారి. మన ఆడ ఎలుగు చలికాలంలో రాళ్ళ సందులో గుహ చూసుకుని ఈనుతుంది, కొన్ని వారాలు పిల్లల్ని వదిలి బయటికి రాదు. నిద్ర కాదది, బాలింతరాలి కాపలా. రెండు మూడు నెలలకి పిల్లలు వీపు మీదకెక్కి జుట్టు పట్టుకుని తిరుగుతాయి, భల్లూకం పట్టు అంటాం చూడు, నాకైతే ఆ పిల్లల పట్టే గుర్తొస్తుంది. అలా పిల్లల్తో తిరిగే తల్లికి మనిషి ఎదురుపడ్డప్పుడే ప్రమాదం. శ్రీకాకుళం జిల్లా ఉద్దానం వైపు జీడితోటల్లో ఏం జరుగుతుందో నీకు తెలుసు, 2022 జూన్‌లో వజ్రపుకొత్తూరు దగ్గర మనుషుల మీద పడ్డ ఎలుగుని మత్తిచ్చి పట్టుకుని మన జూకి తెస్తుంటే దార్లోనే పోయింది. మనిషీ పోయాడు, అదీ పోయింది. దాని గురించి కథ రాయాలని ఇప్పటికి మూడుసార్లు కూర్చున్నా, ప్రతిసారీ ఎవరివైపు కుర్చీ వేసుకోవాలో తెలీక లేచిపోయా.

ఉద్దానం అంటే గుర్తొచ్చింది. నా రెండో కథలో శ్రావణ మాసంలో జీడిమామిడి పూతకొచ్చిందని రాశా. కథ అచ్చైంది, ఎడిటరూ గమనించలేదు. పది రోజులకి పలాస నుంచి ఒక కార్డొచ్చింది, "అమ్మా, మీ ఊళ్ళో శ్రావణంలో పూస్తే రెండు మొక్కలు పంపండి, మా ఊళ్ళో పుష్యంలో పూస్తున్నాయి" అని. అంతే, సంతకం కూడా లేదు. ఆ కార్డు ఇంకా నా డిక్షనరీలో ఉంది. అది చదివాక ఆ కథలో మిగతా విషయాలు ఆయన నమ్మి ఉంటాడా, హీరోయిన్ ఏడిస్తే నమ్మి ఉంటాడా అని ఆలోచించా, నమ్మి ఉండడు.

మొన్న మంగళవారం నీ కథ కోసమే పనిగట్టుకుని జూకి వెళ్ళొచ్చా. డిసెంబర్, ఉదయం పదిన్నర, పైన స్వెటర్ వేసుకుని వెళ్ళి జూ గేటు చేరేసరికి విప్పేశా. కందకం అవతల ఒక దుంగ, దాని మీద వంగి మన నల్లాయన. ముందు ముక్కుతో ఫూ అని ఊదుతాడు, దుమ్ము లేస్తుంది, తర్వాత పెదాలు గొట్టంలా ముందుకి చాచి సుర్ర్‌మని పీలుస్తాడు, చల్లారిపోయిన టీ అడుగుని మా మావయ్య పీల్చినట్టే. చూపుడు వేలంత గోరుతో బెరడు లేపి మళ్ళీ ఫూ, సుర్ర్. పక్కనున్న ఒక చిన్న పిల్ల "అమ్మా వాక్యూమ్ క్లీనర్" అంది. నీ కథ మొత్తంలో అలాంటి మాట ఒక్కటి లేదు బాబూ, ఆ పిల్లకి ఐదేళ్ళుంటాయేమో. అరగంట నిలబడ్డా, ఆయన ఒక్కసారి తలెత్తి గాలి వాసన చూశాడు, నన్ను కాదు, వేరుశెనగల బండివైపు.

భాష గురించి రెండు ముక్కలు చెప్పి ఆపేస్తా. "శీతల సుషుప్తిలో మునిగిన భల్లూకరాజము" ఏంటయ్యా, జాంబవంతుడు కూడా సిగ్గుపడతాడు. ముసలాయన దాన్ని ఏమని పిలుస్తాడో అది రాయి. ఇంకోటి, ఆయన దానికి ఏం పెడతాడో కథలో ఎక్కడా లేదు, "ఆహారం" అని వదిలేశావ్. జావా, పళ్ళా, రొట్టా, తేనె ఎప్పుడు, ఎండాకాలం ఐసు గడ్డలో పళ్ళు పెట్టి వేస్తే ఏం చేస్తుంది, అది కనుక్కో, అక్కడ పనిచేసేవాళ్ళతో మర్యాదగా మాట్లాడితే గంటలు గంటలు చెప్తారు, నీలాంటివాడు ఎవడూ అడగడు కాబట్టి వాళ్ళకీ సరదాయే.

వచ్చే ఆదివారం లోపు తిరిగి రాయొద్దు. ముందు ఒక పూట వెళ్ళి చూసి రా, సోమవారం జూకి సెలవు, అది చూసుకుని వెళ్ళు. తోడు కావాలంటే నేనూ వస్తా, పులిహోర చేసి తెస్తా, బీచ్ వైపు సాగర్ నగర్ గేటు దగ్గర కలుద్దాం. కొత్త డ్రాఫ్ట్ మాత్రం ప్రింట్ తీయించి తీసుకురా, ఫోన్‌లో ఆ చిన్నక్షరాలు నా వల్ల కాదు.

మీ అమ్మగారిని అడిగానని చెప్పు.

ఇట్లు,
నీ పెద్దమ్మ