కృష్ణానగర్‌కు పోయే ముందు ఒక మాట

అల్లుడూ,

హన్మకొండలో ఉద్యోగం మానేసి సినిమా రైటర్‌ని అవుతానన్నావట. మీ అమ్మ రోజూ ఫోన్ చేసి వద్దని చెప్పమంటోంది. నేను చెప్పను, ఎందుకంటే నేనూ కాజీపేటలో రైలెక్కి పోయి పదకొండేళ్లు సినిమా ఛాన్సుల కోసం హైదరాబాద్ కృష్ణానగర్‌లో ఉండొచ్చినవాణ్ణే.

మనవాళ్లకు పేరు రాదన్న మాట నమ్మకు. కరీంనగర్‌లో పుట్టిన పైడి జైరాజ్ బొంబాయి పోయి హీరో అయ్యాడు, 1980 ఫాల్కే అవార్డు ఆయనకే ఇచ్చారు. చిట్యాల దగ్గరి చల్లగరిగ నుంచి పోయిన చంద్రబోస్‌కు 2023లో ఆస్కార్ వచ్చింది. నా టెన్షన్ పేరు గురించి కాదు, అది వచ్చేలోపు ఆ ఆకలిలో నువ్వు ఏం చేస్తావోనని.

నా సంగతి చెప్తా, మీ అమ్మకు కూడా తెలియదు. రూములో నలుగురం. ఒకడు రాత్రి టీ తాగుతూ ఒక సీన్ చెప్పాడు, తండ్రి పోయిన ఇంట్లో కొడుకు బాకీల పుస్తకం వెతుకుతుంటాడు. వారం తర్వాత ఒక డైరెక్టర్ దగ్గర కథా చర్చల సిట్టింగ్‌లో అందరూ నా మొహం చూస్తుంటే నా నోట్లోంచి అదే వచ్చింది, నాదే అన్నట్టు. ఆయన భుజం తట్టి అయిదు వేలు అడ్వాన్స్ ఇప్పించాడు. ఆ సినిమా మొదలే కాలేదు గానీ వాడికి తెలిసిపోయింది. ఒక్క మాట అనలేదు, పెట్టె సర్దుకుని వేరే రూముకు పోయాడు.

కాబట్టి కథ ఎవరికైనా చెప్పే ముందు పూర్తిగా రాసి రచయితల సంఘంలో రిజిస్టర్ చేయించు. ఉత్త ఆలోచనకు కాపీరైట్ ఉండదు, రాసినదానికే ఉంటుంది. కథ చెప్పిన రోజే విన్నవాళ్లకు మెయిల్ పెట్టు. ఎవడో కొట్టేస్తాడని మాత్రమే కాదు, నాలుగు నెలలు సిట్టింగ్స్‌లో కూర్చున్నాక ఏది నీదో ఏది పక్కవాడిదో నీకే గుర్తుండదు.

ఘోస్ట్‌గా, అంటే నీ పేరు లేకుండా వేరేవాళ్ల కోసం రాయమంటే రాయి, అద్దె కట్టాలి కదా. టైటిల్స్‌లో పేరు వేస్తామన్న మాటను మాత్రం జీతం కింద లెక్కేసుకోకు. వేషం ఇప్పిస్తానని డబ్బులడిగేవాళ్ల దరిదాపులకు పోకు. మన యాసను రౌడీకో జోకర్‌కో పెట్టమంటే ఎందుకని ఒక్కసారైనా అడుగు, నేను అడగకుండానే మూడు సినిమాలకు రాసిచ్చాను.

వచ్చే ఆదివారం ఇటు రా. ఆ సీన్ చెప్పిన నా రూమ్మేట్ జనగామలో స్టేషనరీ షాపు పెట్టుకున్నాడట. ఒక్కణ్ణే పోవడానికి మొహం చెల్లడం లేదు, నువ్వు తోడుంటే పోయొద్దాం.

మీ మామయ్య